గోడల జ్ఞాపకమా, మన జ్ఞాపకమా?

చెన్నై మైలాపూరులో పొట్టి శ్రీరాములు గారి స్మారక భవనంలోకి అడుగుపెడితే చాలామంది తెలుగువాళ్లకు గుండె బరువెక్కుతుంది. 1952 డిసెంబరు 15న ఆయన నిరాహారదీక్షలో కన్నుమూసింది అక్కడే. ఆ బరువు ఎక్కడి నుంచి వస్తుంది?

గోడల నుంచే అంటారు కొందరు. తీవ్రమైన బాధ ఆ చోటులో ఇంకిపోయి, తర్వాత వచ్చినవాళ్లకు తగులుతుందట. వస్తువును తాకి దాని గతాన్ని పసిగట్టే శక్తి ఉందంటూ, దానికి 1842లో అమెరికా వైద్యుడు బుకానన్ ‘సైకోమెట్రీ’ అని పేరు పెట్టాడు. ఊహ అందమైనదే. కానీ ఇటుకా సున్నమూ ఏడుపును ఎలా దాచుకుంటాయో ఎవరూ చూపలేదు.

నాకు రెండో మాటే నిజమనిపిస్తుంది: ఆ బరువు మనం వెంట తీసుకెళ్లేదే. చిన్నప్పటి పాఠం, ఇంట్లో పెద్దలు చెప్పిన మాటలు, ఆయన ఫొటో అన్నీ కలిసి పనిచేస్తాయి. ఆ చరిత్ర తెలియని డెలివరీ కుర్రాడికి అది మామూలు గదే కావచ్చు. ఇలా అనుకుంటే ఆయన త్యాగం చిన్నదైపోదు. దాన్ని పిల్లలకు చెప్పే బాధ్యత మనమీదే ఉంటుంది.

ఒక్కోసారి కారణం గదిలోనే ఉంటుంది. ఒక ల్యాబ్‌లో కలిగిన భయానికి ఫ్యాన్ పుట్టించిన, చెవికి వినపడని 19 హెర్ట్జ్ ధ్వని కారణం కావచ్చని 1998లో బ్రిటన్ ఇంజనీరు విక్ టాండీ రాశాడు. అద్దె ఇల్లు చూసేటప్పుడు ఏదో తేడాగా అనిపిస్తే ముందు ఫ్యాన్లు ఆపి, కిటికీలు తెరిచి చూడండి.