నాయనకు కొన్న వినికిడి యంత్రం: కర్నూలు కేంద్రంపై ఒక సమీక్ష

కర్నూలులోని ఒక వినికిడి కేంద్రంలో మా నాయనకు చెవి వెనుక తగిలించుకునే డిజిటల్ యంత్రాన్ని కొన్నాము. ఆదోని జిన్నింగు మిల్లులో యంత్రాల హోరు మధ్య జీవితమంతా పనిచేసిన ఆయన, తనకు వినపడటం లేదని ఏనాడూ నోరు విప్పి చెప్పలేదు. అడిగినదానికి వేరొకటి బదులు చెబుతూ, టీవీ శబ్దం పెంచుకుంటూ నెట్టుకొచ్చారు.

పరీక్ష చేసిన తీరు మెచ్చుకోదగినది. చప్పుడు చొరబడని చిన్న గదిలో హెడ్‌ఫోన్ పెట్టి, సన్నని కూత వినిపించినప్పుడల్లా మీట నొక్కమన్నారు. వినికిడిని గీతగా చూపే పటమైన ఆడియోగ్రామ్‌లో ఆ గీత 4000 హెర్ట్జ్ దగ్గర, అంటే సన్నని కీచు శబ్దాల దగ్గర, బాగా కిందికి దిగింది. ఏళ్ల తరబడి హోరులో పనిచేసినవారికి సాధారణంగా ముందు దెబ్బతినేది అక్కడేననీ, అందువల్ల గొంతు వినపడినా 'స', 'త' వంటి హల్లులు జారిపోయి మాట అర్థం కాదనీ నిపుణురాలు ఓపికగా వివరించారు. మిల్లులో ఎన్నేళ్లు చేశారని ఆమె అడిగినప్పుడు, నాయన నా వైపు చూడకుండా "పిల్లోళ్ల సదువులు అయ్యేదాకా" అన్నారు. నేను యంత్రం ధర ఎంతని అడిగాను.

యంత్రం పనితనం బాగుంది. ఇంట్లో ఎదురెదురుగా కూర్చుంటే మాట స్పష్టంగా అందుతుంది; పెళ్లిళ్లలో, బస్టాండులో మాత్రం అంతంతే. మొదట్లో గిన్నెల చప్పుడుకు కూడా ఉలిక్కిపడేవారు, రుసుము తీసుకోకుండానే శబ్దాన్ని సరిచేసి ఇచ్చారు.

నా ఫిర్యాదంతా బ్యాటరీ గురించే. ఇందులో వాడేది నారింజ రంగు స్టిక్కరు ఉండే 13 నంబరు జింక్-ఎయిర్ బ్యాటరీ. స్టిక్కరు పీకి గాలి తగలనిస్తే అది పనిచేయడం మొదలవుతుంది, ఆ తరువాత యంత్రాన్ని ఆపినా ఎంతో కొంత అరుగుతూనే ఉంటుంది. ఈ సంగతి అమ్మేటప్పుడు చెప్పవలసింది. నాయన ఒంటరిగా ఉన్నంతసేపూ నా డబ్బు మిగల్చాలని యంత్రాన్ని ఆపి ఉంచి, నా బండి గేటు దగ్గర కనబడగానే పెట్టుకుంటున్నారని అమ్మ చెప్పింది. పొదుపు అంతగా కలిసిరాదని వివరిస్తే తల ఊపారు, అలవాటు మానలేదు. నేనూ పోట్లాడకుండా కొత్త ప్యాకెట్లు తెచ్చి ఆయన బీరువాలో పెట్టి వస్తున్నాను. అవి ఎక్కడివని ఆయన అడగరు.

పరీక్షకు, తరువాతి సేవకు ఈ కేంద్రానికి నిస్సంకోచంగా వెళ్లవచ్చు. మీ ఇంటి పెద్దాయన కూడా పొదుపరి అయితే, ధర కాస్త ఎక్కువైనా ఛార్జింగు పెట్టుకునే రకమే అడగండి. బ్యాటరీల ఖర్చు ఆయన కంటబడదు.