బరంపురం అమ్మాయికి భువనేశ్వరా, హైదరాబాదా?

ఒడిశాలోని బరంపురం తెలుగమ్మాయి నటిగా స్థిరపడాలంటే ఎటు వెళ్లాలి?

భువనేశ్వర్ దగ్గర. భాషా వచ్చు. వేషాలు తేలిగ్గానే దొరుకుతాయి, డబ్బే పలచన. 1936లో ‘సీతా బిబాహ’తో మొదలైన ఒడియా సినిమాకు మార్కెట్ ఇప్పటికీ చిన్నదే. కానీ అక్కడ జాత్రా ఉంది. ఊరూరా తిరుగుతూ తెల్లవార్లూ ఆడే నాటకం. తెర మీద రాని సంపాదన కోసం పేరున్న సినిమా తారలే ఆ బృందాల్లో చేరతారు. ఒళ్లు హూనమే, అయినా జనం ఎదుట నటన రాటుదేలుతుంది.

హైదరాబాద్‌కు రాత్రంతా రైలు. సీరియల్లో వదిన వేషం కుదిరితే నెలల తరబడి పని. యాస గురించి బెంగొద్దు, కన్నడ నటీమణులకే డబ్బింగ్ చెప్పిస్తున్నారుగా!

నన్నడిగితే ముందు జాత్రా, తర్వాతే హైదరాబాద్. ఇంట్లో ఒప్పుకోవడం వేరే కథ.