బూట్ బ్యాకప్‌ను ఇమేజ్‌గా మార్చడం: టీడబ్ల్యూఆర్‌పీనా, డీడీనా, ఓటీఏ ఫైలా?

హన్మకొండ, కాజీపేట నుంచి ఇంజినీరింగ్ పిల్లలు మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్న ఇది: ఆండ్రాయిడ్ ఫోన్ బూట్ (ఫోన్‌ను లేపే కెర్నల్ ఉండే పార్టిషన్) బ్యాకప్ ఉంది, దాన్ని ఫ్లాష్ చేసే (ఫోన్‌లోకి తిరిగి రాసే) ఇమేజ్‌గా ఎట్లా మార్చాలి, ఏ పద్ధతి మేలు?

మార్చేది నిజానికి ఏమీ లేదు. టీడబ్ల్యూఆర్‌పీ (బ్యాకప్ తీయగల కస్టమ్ రికవరీ) ఇచ్చే ‘బూట్.ఈఎంఎంసీ.విన్’ బూట్ పార్టిషన్‌కు మక్కీకి మక్కీ నకలు. పేరు ‘బూట్.ఐఎంజీ’ అని పెడితే ఫాస్ట్‌బూట్ (కంప్యూటర్ నుంచి ఫోన్‌లోకి ఇమేజ్‌లు ఎక్కించే టూల్) తీసుకుంటుంది. పార్టిషన్‌ను నేరుగా కాపీ చేసే డీడీ కమాండ్‌తో తీసిందీ అంతే. ఇప్పటి ఫోన్లలో ఆ ఫైల్‌ను హెక్స్ ఎడిటర్‌లో తెరిస్తే మొదటి 8 బైట్లలో ఇంగ్లిష్ పెద్దక్షరాల్లో ‘ఆండ్రాయిడ్!’ అని కనబడాలి.

అసలు చూడాల్సింది బ్యాకప్ ఎప్పుడు తీశారన్నది. డీడీకి రూట్ (ఫోన్‌పై పూర్తి అధికారం) కావాలి. రూట్ ఇచ్చే మ్యాజిస్క్ టూల్ బూట్‌ను ప్యాచ్ చేశాక (మార్చాక) తీస్తే వచ్చేది ఆ ప్యాచ్ అయిన బూటే. రూట్ తీసేద్దామని దాన్నే ఫ్లాష్ చేసి, రూట్ ఇంకా పోలేదేమిటని టెన్షన్ పడుతుంటారు. ఏ/బీ ఫోన్లలో (సిస్టమ్‌కు రెండు స్లాట్లు, అంటే రెండు కాపీలు ఉండేవి) ఇంకో చిక్కుంది. ఏ స్లాట్ నడుస్తుందో గెట్‌ప్రాప్ కమాండ్‌తో చూడకుండా తీస్తే పాత వెర్షన్ బూట్ చేతికి రావచ్చు. పాత కెర్నల్ కొత్త సిస్టమ్‌తో కలవకపోతే వైఫై పోతుంది, లేదా బూట్‌లూప్ (ఫోన్ లేవకుండా మళ్లీ మళ్లీ రీస్టార్ట్ కావడం) పడుతుంది.

అందుకే నా ఓటు రూట్ చేయకముందు తీసిన టీడబ్ల్యూఆర్‌పీ బ్యాకప్‌కే. బూట్‌లోడర్ (ఫోన్ ఆన్ కాగానే మొదట నడిచే ప్రోగ్రామ్) అన్‌లాక్ చేసి (డేటా మొత్తం పోతుంది, ముందే కాపీ చేసుకోండి), టీడబ్ల్యూఆర్‌పీని ‘ఫాస్ట్‌బూట్ బూట్’తో తాత్కాలికంగా నడిపి బ్యాకప్ తీస్తే కంపెనీ ఇచ్చిన బూట్ ఉన్నదున్నట్టు దొరుకుతుంది. ఫోల్డర్ పేరులో మామూలుగా తేదీ, బిల్డ్ పేరు ఉంటాయి. ఏడాది తర్వాత వెతికినా అది ఏ వెర్షన్‌దో తెలుస్తుంది. పక్కనుండే చెక్‌సమ్ ఫైల్‌తో కాపీ సరిగా అయిందో లేదో చూసుకోవచ్చు.

టీడబ్ల్యూఆర్‌పీ లేని ఫోన్లకు పూర్తి ఓటీఏ జిప్‌లోని (కంపెనీ ఇచ్చే సిస్టమ్ అప్‌డేట్ ఫైల్) ‘పేలోడ్.బిన్’ నుంచి బూట్ తీయడం ఒక దారి. దాని బిల్డ్ నంబర్ మీ ఫోన్‌లో ఉన్నదానితో అక్షరం పొల్లుపోకుండా కలవాలి. ఆండ్రాయిడ్ 13 లేదా ఆ తర్వాతి వెర్షన్‌తో విడుదలైన ఫోన్లలో మామూలుగా రామ్‌డిస్క్ (ఫోన్ లేచేటప్పుడు మొదట వాడే ఫైళ్లు) బూట్‌లో కాక ‘ఇనిట్_బూట్’ అనే వేరే పార్టిషన్‌లో ఉంటుంది, మ్యాజిస్క్ ప్యాచ్ చేసేది దాన్నే. కాబట్టి అదీ తీసిపెట్టుకోండి.

రూట్ అడిగే బ్యాకప్ యాప్‌లకూ డీడీకి చెప్పిందే వర్తిస్తుంది. సామ్‌సంగ్ ఫోన్ ఉన్నవాళ్లు ఇమేజ్‌ను టార్ (.tar) ఫైల్‌గా చేసి, సామ్‌సంగ్ ఫ్లాషింగ్ టూల్ ఓడిన్‌తో ఎక్కించాలి.

మీ ఫోన్ ఒప్పుకుంటే, ఫ్లాష్ చేసేముందు బూట్ ఇమేజ్‌ను కూడా ‘ఫాస్ట్‌బూట్ బూట్’తోనే నడిపి చూడండి. పార్టిషన్‌లో ఏమీ రాయదు. ఫోన్ లేచి, టచ్, వైఫై, కాల్స్ పనిచేస్తే అప్పుడు ఫ్లాష్ చేయండి.