కేసు దాచొద్దన్న లాయరు గారు
మా తమ్ముడు కానిస్టేబుల్‌కి అప్లై చేశాడు. కాలేజీ గొడవ కేసొకటి లోక్ అదాలత్‌లో రాజీ అయింది. కోచింగ్ సెంటర్‌లో ‘అయిపోయిన కేసే కదా, రాయకు’ అన్నారు. నాకు మనసొప్పక ఈ లాయరు గారి దగ్గరికి తీసుకెళ్లాను.

ఆయన అటెస్టేషన్ ఫారం (ఉద్యోగానికి మన వివరాలు రాసిచ్చేది) ముందు పెట్టి, ‘ఎప్పుడైనా అరెస్టయ్యారా?’ అన్న గడి మీద వేలు పెట్టారు. అక్కడ అడిగేది శిక్ష ఒక్కదాని గురించే కాదు. 2016లో అవతార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఓపిగ్గా వివరించారు: దాస్తే ఉద్యోగం రద్దు చేయొచ్చు, నిజం రాసినా తీసుకోవాలా వద్దా అన్నది డిపార్ట్‌మెంటే చూస్తుంది. గ్యారంటీ ఇవ్వలేదు, అదే నాకు బాగా నచ్చింది. ఎఫ్‌ఐఆర్ నంబరు, సెక్షన్లు రాయించి, లోక్ అదాలత్ అవార్డు (రాజీ తీర్పు) కాపీ జత చేయించారు.

వెయిటింగ్ మాత్రం చాలా ఎక్కువ. ఫారం నింపకముందే వెళ్లండి.