టారస్ జీ3సీ: పిస్తోలు చౌకే, మ్యాగజైన్ మాత్రం చూసి కొనాలి

టెక్సస్‌లో మా తమ్ముడి కొడుకు కొన్న ఈ పిస్తోలును అక్కడి షూటింగ్ రేంజిలో వాడి చూశాను. బరంపురంలో సైన్యం నుంచి విరమించిన మన తెలుగువారు కొందరు అడిగినందున ఇది రాస్తున్నాను. 9 మిల్లీమీటర్ల తూటా మన దేశంలో నిషిద్ధ బోరు (మామూలు పౌరులకు అనుమతించని తుపాకీ గొట్టం కొలత) కనుక, ఇక్కడ కొనే ఆలోచన ఎవరికీ అక్కరలేదు.

పాలిమర్ చట్రం చేతికి తేలికగా ఉంది, గురి కూడా ధరకు తగ్గట్టే కుదిరింది. కంపెనీ ఇచ్చే 12 తూటాల ఉక్కు మ్యాగజైన్, అంటే తూటాలు నింపే పెట్టె, పిడిలోకి సాఫీగా ఎక్కి, మీట నొక్కగానే తనంతట జారిపడింది. ఇదే కంపెనీ చేసే పెద్ద పిస్తోలు జీ3 మ్యాగజైన్ కూడా ఇందులో పడుతుంది, కాకపోతే పిడి కింద కొంత బయటికి కనిపిస్తుంది. గ్లాక్ అనే మరో కంపెనీ పిస్తోళ్లలోనూ ఇదే పద్ధతి: 17 మోడల్ మ్యాగజైన్ 19లో పనిచేస్తుంది గాని, 19ది పొట్టిది కావడంతో 17లో మ్యాగజైన్‌ను పట్టి ఉంచే కొక్కేనికి అందదు.

చిక్కంతా వేరొకరు తయారుచేసిన చవక మ్యాగజైన్‌తోనే వచ్చింది. నిండుగా నింపి, స్లైడు (పిస్తోలు పైన ముందుకూ వెనక్కూ జరిగే భాగం) మూసి ఉండగా ఎక్కించబోతే పై తూటా స్లైడు అడుగుకు ఒత్తుకొని కొక్కెం పడలేదు; ఒక తూటా తగ్గిస్తే పడింది. చివరి తూటా పేలాక స్లైడు వెనక్కి నిలవకపోవడం అంతకన్నా చికాకు, ఎందుకంటే మ్యాగజైన్ స్ప్రింగు బలహీనమైతే దాని లోపలి పలక, స్లైడును ఆపే మీటను పైకి నెట్టలేదు. ఆదా చేసిన డాలర్లకు అది తగిన బేరం కాదు.