దొవ్‌జెంకో ‘భూమి’ డీవీడీ కొన్నాను

పెట్టె మూల పగిలి వచ్చింది. డిస్క్ మీద గీతల్లేవు కాబట్టి వాపసు పంపలేదు. ఒలెక్సాండర్ దొవ్‌జెంకో 1930లో ఉక్రెయిన్‌లో తీసిన మూకీ సినిమా ఇది. బడిపంతులుగా, తర్వాత ఖార్కివ్‌లో కార్టూనిస్టుగా పనిచేసి, ముప్పై దాటాక 1926లో ఒడెస్సా స్టూడియోలో చేరాడాయన.

మొదట్లోనే రాలిన పళ్ల మధ్య పడుకుని ఒక తాత నిమ్మళంగా కన్నుమూస్తాడు. ట్రాక్టర్ రేడియేటర్‌లో నీళ్లయిపోతే ఊళ్లోవాళ్లు ఏం పోశారో చూసి మా నాన్న పడీపడీ నవ్వారు (అప్పట్లో సెన్సారు ఆ ముక్క కోసేసింది లెండి). ఆ ట్రాక్టర్ తెచ్చిన ఊరి కుర్రాడు వాసిల్ వెన్నెల్లో ఒంటరిగా, కాళ్ల కింద దుమ్ము లేచేలా చిందులేస్తూ ఉన్నట్టుండి కూలిపోతాడు. అక్కడ రిమోట్‌తో మూడుసార్లు వెనక్కి తిప్పాను.

నేపథ్య సంగీతం మాత్రం మరీ హోరు, సౌండ్ తగ్గించుకోండి. నాలుగు స్టార్లు. ఒకటి పెట్టె కోసం కోశాను.