1946లో ఎవరి సీజన్ మేలు: నోటర్ డేమ్‌దా, ఆర్మీదా?

1946 నవంబర్ 9న న్యూయార్క్ యాంకీ స్టేడియంలో, 74 వేల మంది ముందు, అమెరికాలోని రెండు మేటి కాలేజీ ఫుట్‌బాల్ జట్లు గంటసేపు హోరాహోరీగా తలపడి 0-0తో వెనుదిరిగాయి. (కాలితో తన్నే ఫుట్‌బాల్ కాదు, బంతిని చంకన పెట్టుకుని పరిగెత్తే అమెరికా వాళ్ల ఆట.) ఎక్స్‌ట్రా టైమ్ లేని రోజులవి, టై అంటే టై. ఆ ఆట పక్కన పెడితే ఆర్మీ (వెస్ట్ పాయింట్ సైనిక అకాడమీ జట్టు) తన 9 ఆటలూ, నోటర్ డేమ్ యూనివర్సిటీ జట్టు తన 8 ఆటలూ గెలిచేశాయి. పత్రికల వాళ్లు ఓట్లేసే ఏపీ పోల్ చివరికి నోటర్ డేమ్‌కి మొదటి స్థానం, ఆర్మీకి రెండోది ఇచ్చింది. న్యాయమేనా?

ముందు ఆర్మీ సంగతి. యుద్ధకాలంలో మిగతా కాలేజీల ఆటగాళ్లు సైన్యంలోకి పోతుంటే, వెస్ట్ పాయింట్ సైనిక అకాడమీకి మంచి కుర్రాళ్లు దొరికారు. 1944లో 59-0, 1945లో 48-0తో నోటర్ డేమ్‌ని ఉతికి ఆరేశారు. మధ్యలోంచి దూసుకెళ్లే బ్లాంచర్డ్, అంచుల వెంట పరుగెత్తే గ్లెన్ డేవిస్, ఇద్దరూ ఏటా మేటి కాలేజీ ఆటగాడికిచ్చే హైస్మన్ ట్రోఫీ వీరులే. యాంకీ స్టేడియానికి వచ్చేసరికి వరసగా 25 గెలుపులు. అయితే సీజన్ తొలి ఆటలోనే బ్లాంచర్డ్ మోకాలు దెబ్బతింది.

నోటర్ డేమ్‌కి ఆ ఏడాది కోచ్ ఫ్రాంక్ లీహీ, క్వార్టర్‌బ్యాక్ (దాడిని నడిపి పాసులు విసిరేవాడు) జానీ లుజాక్ ఇద్దరూ నౌకాదళంలో పనిచేసి తిరిగొచ్చారు. రెండేళ్ల బాకీ తీర్చుకోవాలన్న కసి ఉండనే ఉంది.

ఆ టైలో ఎవరిది పైచేయి? నోటర్ డేమ్ ఆర్మీ గోల్ లైన్‌కి నాలుగు గజాల దాకా వచ్చింది. బంతిని తన్ని గోల్ స్తంభాల మధ్యకి పంపే మూడు పాయింట్ల ఫీల్డ్ గోల్‌కి ప్రయత్నం చేయకుండా పరుగుకి పోయి చేతులు కాల్చుకుంది. నన్నడిగితే అది లీహీ తప్పే. అటు బ్లాంచర్డ్ ఒకసారి అందరినీ దాటేశాడు. ఎదురుగా లుజాక్ ఒక్కడే మిగిలాడు. వంగి కాళ్లు పట్టి పడేశాడు. ఆర్మీ క్వార్టర్‌బ్యాక్ టక్కర్ డిఫెన్స్‌లో నిలబడి మూడు పాసులు లాగేసుకున్నాడు. ఈ ఆటతో ఏదీ తేలదు.

కాబట్టి మిగతా సీజన్ చూడాలి. నోటర్ డేమ్ 271 పాయింట్లు కొట్టి 24 మాత్రమే ఇచ్చింది. ఏ ఆటలోనూ ఎదుటివాళ్లు ఆరు దాటలేదు. ఆర్మీ 263 కొట్టి 80 ఇచ్చింది. అందరూ చూపించే లెక్క నౌకాదళ అకాడమీ జట్టు నేవీది. నోటర్ డేమ్ ఆ జట్టుని 28-0తో ఓడించింది. ఆర్మీ మాత్రం చివరి ఆటలో, అప్పటికి ఒక్కటే గెలిచిన అదే నేవీ మీద 21-18తో బతికి బయటపడింది. బంతిని గోల్ లైన్ దాటించే ఆరు పాయింట్ల టచ్‌డౌన్లు చెరి మూడు. తేడా అంతా వాటి తర్వాత ఒక్కో పాయింట్ కోసం కొట్టే కిక్కుల్లోనే వచ్చింది. టైమ్ అయిపోయేసరికి నేవీ మూడు గజాల దూరంలో ఉంది! కానీ ఆర్మీ, నేవీ పోటీలో బలాబలాలు పనిచేయవు, కాబట్టి దీనికి నేను పెద్ద విలువ ఇవ్వను.

నాకు బరువైన సాక్ష్యం ఇలినాయ్. మిషిగన్ మీద ఆర్మీ 20-13తో గెలిచింది, బాగానే ఉంది. అదే మిషిగన్‌ని 13-9తో ఓడించిన ఇలినాయ్‌ని నోటర్ డేమ్ మొదటి ఆటలోనే 26-6తో పడగొట్టింది. ఆ ఇలినాయే తర్వాత సీజన్ చివర ఆడే పేరున్న పోటీ రోజ్ బౌల్‌లో, అప్పటిదాకా ఓటమి లేని యూసీఎల్ఏని 45-14తో చిత్తు చేసింది.

1944 నుంచి మూడేళ్లూ కలిపి చూస్తే 27 గెలుపులు, ఒక టైతో ఆర్మీ ముందు నోటర్ డేమ్ నిలవదు. 1946 ఒక్కటే అయితే నా ఓటు నోటర్ డేమ్‌కే. టై కూడా లేకుండా 11కి 11 గెలిచిన జార్జియా అభిమానులు ఇద్దరి మీదా కోప్పడితే, వాళ్లనీ తప్పుపట్టలేం.